అగ్రిమెంటు రాసి బయానా తీసుకున్నారు, ఇప్పుడు రిజిస్ట్రేషన్ చేయం అంటున్నారు. కోర్టుకి వెళ్తే భూమి వస్తుందా?

భోగాపురం_శీను
మా నాన్న 2023 మార్చిలో మా ఊరి పక్కన 60 సెంట్ల మెట్ట కొనడానికి అగ్రిమెంటు రాసుకున్నారు. ధర 45 లక్షలు. బయానా 12 లక్షలు ఇచ్చారు, 10 లక్షలు బ్యాంకులో వేశారు, 2 లక్షలు చేతికి ఇచ్చారు. ఆరు నెలల్లో మిగతాది కట్టి రిజిస్ట్రేషన్ చేయించుకోవాలి, ఈలోగా సర్వే చేయించి హద్దులు చూపించే బాధ్యత అమ్మేవాళ్ళది అని కాగితంలో స్పష్టంగా ఉంది. వంద రూపాయల స్టాంపు మీద రాశారు, ఇద్దరు సాక్షులు ఉన్నారు. రిజిస్టర్ చేయలేదు.

అదే సంవత్సరం మేలో భోగాపురం ఎయిర్‌పోర్టుకి శంకుస్థాపన అయింది. అప్పటి నుంచి అమ్మే ఆయన మాట మారింది. సర్వేయరు రావడం లేదంటారు, పండగ వెళ్ళాక చూద్దాం అంటారు, మా చెల్లెలు సంతకం పెట్టాలి కదా అంటారు. మొన్న సంక్రాంతికి నేరుగా చెప్పేశారు, ఇప్పుడు రేటు వేరు, మీ 12 లక్షలకి ఇంకో మూడు కలిపి ఇస్తాను, కాగితం చింపేద్దాం అని. నాన్నకి నిద్ర పట్టడం లేదు. ఆ డబ్బు కోసం అమ్మ బంగారం అమ్మాం. మాకు డబ్బు వద్దు, భూమే కావాలి. కోర్టు బలవంతంగా రిజిస్ట్రేషన్ చేయించగలదా?

గంటస్తంభం
చేయించగలదు. దాన్నే నిర్దిష్ట అమలు దావా అంటారు, కోర్టు దగ్గర అందరూ స్పెసిఫిక్ పెర్ఫార్మెన్స్ అనే అంటారు. కానీ ముందు ఒకటి చెప్పు శీనూ, ఆరు నెలల గడువు దాటాక మీ నాన్నగారు కాగితం మీద ఏమైనా అడిగారా? నోటీసు, రిజిస్టర్డ్ పోస్టు, ఏదైనా?

భోగాపురం_శీను
నోటీసు ఇవ్వలేదు అన్నా. ఊరి మనిషి, మొహమాటం. వాట్సాప్‌లో అడిగినవి ఉన్నాయి. "డబ్బు రెడీగా ఉంది, సర్వే ఎప్పుడు" అని నాన్న పెట్టిన మెసేజీలు, "వచ్చే నెల చూద్దాం బావా" అని ఆయన జవాబులు ఉన్నాయి. కొన్ని వాయిస్‌లు కూడా.

రాజాం_రమణ
15 లక్షలు తీసుకుని బయటపడండి బాబూ. కోర్టు అంటే కింద కోర్టు, అప్పీలు, హైకోర్టు. మా పక్క వీధిలో ఒకాయన దావా వేశాడు, కేసు నడుస్తుండగానే పోయాడు. ఇప్పుడు పిల్లలు వాయిదాలకి తిరుగుతున్నారు.

ప్లీడరు_గుమస్తా
రమణ గారి భయం నాకు అర్థమవుతుంది, కానీ 15 లక్షలకి ఆ చుట్టుపక్కల ఇప్పుడు ఎంత భూమి వస్తుందో కూడా లెక్క వేయాలి.

శీనూ, నేను విజయనగరం కోర్టులో సివిల్ వైపు చాలా కాలంగా పనిచేస్తున్నాను. ఈ రకం దావాలు భోగాపురం, డెంకాడ, పూసపాటిరేగ వైపు నుంచి చాలా చూస్తున్నాను. ముందు నీ తేదీలు చూడు. కాలపరిమితి చట్టం 54వ ఆర్టికల్ ప్రకారం అగ్రిమెంటులో గడువు తేదీ ఉంటే ఆ తేదీ నుంచి మూడేళ్ళ లోపు దావా పడాలి. తేదీ లేకపోతే, అవతలివాళ్ళు చేయం అన్నారని తెలిసిన రోజు నుంచి మూడేళ్ళు. నీ కాగితంలో ఆరు నెలలని ఉంది. అంటే 2023 సెప్టెంబరు. అక్కడి నుంచి మూడేళ్ళంటే 2026 సెప్టెంబరుతో సరి. సంక్రాంతికి కాదన్నాడు కాబట్టి అక్కడి నుంచి లెక్కపెడదాం అని ఎవరైనా చెప్తే నమ్మొద్దు. ఇద్దరూ సంతకం పెట్టి గడువు పొడిగించుకున్న రాత అగ్రిమెంటు వెనక ఉంటే అప్పుడు మాట వేరు. ఉందా?

భోగాపురం_శీను
వెనక ఏమీ రాయలేదు గురువుగారూ. ఇప్పుడే తీసి చూశాను.

ప్లీడరు_గుమస్తా
అయితే సెప్టెంబరు దాకా ఆగకండి. ఈ వారమే లాయరు నోటీసు వెళ్ళాలి. డబ్బు సిద్ధంగా ఉంది, ఫలానా రోజు సబ్ రిజిస్ట్రార్ ఆఫీసుకి రండి అని తేదీ, టైము వేసి పంపించాలి. ఆ రోజు మీరు వెళ్ళి అక్కడ ఉన్నట్టు ఏదో ఒక ఆధారం పెట్టుకోవాలి.

పలాస_జీడిపప్పు
మూడేళ్ళు టైముంది కదా, అంత కంగారెందుకు? భూమి విషయంలో గడువు ముఖ్యం కాదని సుప్రీంకోర్టే చెప్పింది అంటారు.

సివిల్_దావా
అందరూ సగమే విని ఆగిపోయే మాట అది. స్థిరాస్తి అమ్మకంలో గడువే ప్రాణం అని మామూలుగా అనుకోరు, నిజమే. చాంద్ రాణి కేసులో 1993లో అదే చెప్పారు. కానీ అక్కడే, మరీ ఆలస్యం చేయకుండా సమంజసమైన కాలంలో పని పూర్తి చేయాలని కూడా చెప్పారు. 1997లో కె.ఎస్. విద్యానందం కేసు చూడండి. మధురైలో ఇల్లు, 1978 డిసెంబరులో ఒప్పందం, ధర 60 వేలు, బయానా 5 వేలు, గడువు ఆరు నెలలు. కొనేవాళ్ళు రెండేళ్ళకి పైగా చప్పుడు చేయకుండా కూర్చుని 1981లో కదిలారు. మూడేళ్ళ లోపే దావా వేశారు, అయినా సుప్రీంకోర్టు ఇవ్వలేదు. పట్టణాల్లో ధరలు ఎలా పెరుగుతున్నాయో కోర్టు కళ్ళు మూసుకుని ఉండదు అనే ధోరణిలో రాశారు. మూడేళ్ళు అన్నది దావా వేయడానికి ఆఖరి తేదీ. అప్పటిదాకా నిద్రపోవడానికి అనుమతి కాదు.

శీను వాళ్ళ కేసు దానికంటే మెరుగు. ఇచ్చిన బయానా నాలుగో వంతు పైనే. మెసేజీలు ఉన్నాయి. సర్వే చేయించాల్సింది అమ్మేవాళ్ళు, వాళ్ళు చేయించలేదు. ఆలస్యం ఎవరిదో చూపించగలరు.

టెక్కలి_లక్ష్మి
అందరూ కొనేవాళ్ళ వైపే మాట్లాడుతున్నారు. మేం అమ్మినవాళ్ళం, మా కథ కూడా వినండి.

నాన్న పోయాక నా పెళ్ళి కోసం అమ్మ ఎకరం పల్లం అమ్మకానికి పెట్టింది. ఒకాయన వచ్చి లక్ష రూపాయలు చేతిలో పెట్టి అగ్రిమెంటు రాయించుకున్నాడు. మిగతాది మూడు నెలల్లో ఇస్తానన్నాడు. ముహూర్తం దగ్గరికి వచ్చేసింది, ఆయన ఫోన్ ఎత్తడు. అమ్మ వడ్డీకి తెచ్చి నా పెళ్ళి చేసింది. ఆ కాగితం ఉందని తెలిసి ఇంకెవరూ ఆ భూమి కొనడానికి ముందుకు రాలేదు. మూలపేట పోర్టు పనులు మొదలయ్యాక ఆయనకి ఆ కాగితం గుర్తొచ్చింది. ఒక్కసారిగా నోటీసు, నేను ఎప్పుడూ సిద్ధంగానే ఉన్నాను, మీరే రాలేదు అని! అమ్మ ఆ నోటీసు చదివించుకుని కూలబడిపోయింది. ధర పెరిగినప్పుడు మాట తప్పే అమ్మకందారు ఉన్నట్టే, ధర పెరిగే వరకు కాగితాన్ని దాచుకునే కొనుగోలుదారూ ఉంటాడు. కోర్టు ఇద్దర్నీ చూడాలి.

బొబ్బిలి_వీణ
లక్ష్మీ, చదువుతుంటే కడుపులో తిప్పింది. ఆ కేసు ఏమైంది?

టెక్కలి_లక్ష్మి
కొట్టేశారు వీణ గారూ. బోనులో మా లాయరు గారు ఆయన్ని అడిగింది ఒక్కటే, ఆ మూడు నెలల్లో మిగతా డబ్బు మీ దగ్గర ఎక్కడుందో చూపించండి అని. పాస్‌బుక్కు లేదు, అప్పు తెచ్చిన కాగితం లేదు. బంధువులు ఇస్తామన్నారు అన్నాడు, ఒక్క బంధువూ సాక్ష్యానికి రాలేదు. అమ్మకి ఆ లక్ష తిరిగి ఇమ్మన్నారు, ఇచ్చేసింది.

ప్లీడరు_గుమస్తా
శీనూ, లక్ష్మి గారి పోస్టు రెండుసార్లు చదువు. ఈ దావాలు అక్కడే గెలుస్తాయి, అక్కడే ఓడిపోతాయి. స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 16వ సెక్షన్ (సి). నా వంతు పని చేయడానికి మొదటి నుంచి ఇప్పటి దాకా సిద్ధంగా ఉన్నాను, ఇష్టంగా ఉన్నాను అని కొనేవాడు రుజువు చేయాలి. సిద్ధం అంటే డబ్బు సమకూర్చుకునే తాహతు. ఇష్టం అంటే అతను నడుచుకున్న తీరు. నోట్ల కట్టలు కోర్టుకి మోసుకెళ్ళక్కర్లేదు, కోర్టు కట్టమంటే తప్ప డిపాజిట్ చేయక్కర్లేదని అదే సెక్షన్‌లో ఉంది. కానీ 33 లక్షలు ఎక్కడి నుంచి తెస్తారో 2023 నుంచి నేటి వరకు చూపించాలి. ఎఫ్‌డీలు, బ్యాంకు స్టేట్‌మెంట్లు, లోను మంజూరు పత్రం, వేరే భూమి అమ్మిన దస్తావేజు, ఏది ఉంటే అది. 2022లో యు.ఎన్. కృష్ణమూర్తి కేసులో కూడా డబ్బు చూపించలేకపోయినందుకే సుప్రీంకోర్టు కొనేవాళ్ళకి కాదంది.

భోగాపురం_శీను
2023లో నాన్న రిటైర్మెంట్ డబ్బు 20 లక్షలు ఎఫ్‌డీలో ఉంది, ఇప్పటికీ కదపలేదు. మిగతాదానికి అన్నయ్య బ్యాంకులో పర్సనల్ లోను అడిగాడు, మంజూరు అయినట్టు మెయిల్ ఉంది. రిజిస్ట్రేషన్ తేదీ తేలక తీసుకోలేదు.

ప్లీడరు_గుమస్తా
ఆ మెయిల్ ప్రాణంగా దాచుకో. ప్రింటు తీయడం ఒక్కటే చాలదు, ఎలక్ట్రానిక్ రికార్డుకి సర్టిఫికెట్ జత చేయాలి. వాట్సాప్ మెసేజీలకీ అంతే. ఫోన్ మార్చొద్దని నాన్నగారికి చెప్పు.

చీపురుపల్లి_మేష్టారు
ఇంకో సంగతి ఎవరూ చెప్పలేదు. 2018 అక్టోబరు 1 నుంచి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం మారింది. అంతకుముందు 20వ సెక్షన్ ప్రకారం అగ్రిమెంటు చెల్లినా సరే, అమలు చేయించాలా వద్దా అన్నది జడ్జి గారి విచక్షణ. అమ్మేవాడికి మరీ కష్టం అవుతుందనిపిస్తే డబ్బు తిరిగి ఇప్పించి ఊరుకునేవారు. సవరణ తర్వాత 10వ సెక్షన్‌లో అమలు చేయాలి అనే భాష వచ్చింది. శీను వాళ్ళది 2023 ఒప్పందం కాబట్టి కొత్త చట్టమే వర్తిస్తుంది. ధర పెరిగింది అన్న ఒక్క కారణంతో అమ్మేవాడు తప్పించుకోవడం ఇప్పుడు కష్టం. సమన్లు అందిన 12 నెలల్లో తేల్చాలని, అవసరమైతే ఇంకో 6 నెలలు అని కూడా రాశారు.

రాజాం_రమణ
12 నెలలా! మేష్టారూ, మీరు పుస్తకంలో చూసి చెప్తున్నారు, నేను వరండాలో చూసి చెప్తున్నాను.

చీపురుపల్లి_మేష్టారు
వరండా సంగతి నాకూ తెలుసు రమణా. కానీ చట్టంలో ఆ మాట ఉంటే వాయిదా అడిగినప్పుడు మన లాయరు గారు లేచి దాన్ని చూపించగలరు. అడగనివాళ్ళకి అది కూడా రాదు.

పలాస_జీడిపప్పు
మేష్టారూ, రిటైరయ్యాక లా చదువుతున్నారా ఏంటి?

చీపురుపల్లి_మేష్టారు
మా అమ్మాయి చదువుతోంది. పుస్తకాలకి అట్టలు వేస్తూ నేనూ చదివేస్తున్నాను.

సివిల్_దావా
మేష్టారు చెప్పింది సరైనదే, ఒక్క హెచ్చరిక. 10వ సెక్షన్ మారినా 16(సి) అలాగే ఉంది. వాదపత్రంలో ఆ మాట రాయాలి అనేది తీసేశారు గానీ రుజువు చేయాలి అనేది ఉంచారు. సవరణ వచ్చింది కాబట్టి గెలుపు ఖాయం అనుకోవద్దు.

నాగావళి_గట్టు
గెలిచాక కూడా చేజార్చుకున్నవాళ్ళు ఉన్నారు. నరసన్నపేట దగ్గర మా పెదనాన్నకి డిక్రీ వచ్చింది. మిగతా సొమ్ము రెండు నెలల్లో కోర్టులో కట్టండి, కట్టాక ప్రతివాది రిజిస్టర్ చేయాలి అని. గెలిచాం అన్న సంబరంలో, అవతలివాళ్ళు అప్పీలుకి వెళ్తారు కదా చూద్దాం అని ఎవరో చెబితే డబ్బు కట్టకుండా ఉండిపోయారు. అప్పీలూ రాలేదు, స్టే కూడా రాలేదు. ఆ తర్వాత అవతలివాళ్ళు అదే చట్టం 28వ సెక్షన్ కింద పిటిషన్ పెట్టారు, గడువులో కట్టలేదు కాబట్టి ఒప్పందం రద్దు చేయండి అని. మేం గడువు పెంచమని అడిగాం. పెంచే అధికారం కోర్టుకి ఉంది, కానీ కారణం చూపించాలి కదా, మా దగ్గర కారణం లేదు. పోయింది. డిక్రీలో వేసిన తేదీని గోడ మీద రాసి పెట్టుకోవాలి.

గంటస్తంభం
అవతలివాడు డిక్రీ తర్వాత కూడా సంతకం పెట్టకపోతే మాత్రం భయం లేదు. ఇ.పి. (డిక్రీ అమలు పిటిషన్) వేస్తే సివిల్ ప్రొసీజర్ కోడ్ 21వ ఆర్డర్ 34వ రూల్ కింద దస్తావేజు ముసాయిదా మనమే ఇస్తాం. అభ్యంతరాలు విని కోర్టే అతని తరఫున సంతకం చేసి రిజిస్టర్ చేయిస్తుంది. సంతకం నా చేతిలో ఉంది కదా అని ధీమాగా తిరిగేవాళ్ళకి ఈ సంగతి తెలియదు.

తోటపల్లి_కాలువ
శీనూ, భూమి మీ స్వాధీనంలో ఉందా? మాకు అక్కడే దెబ్బ తగిలింది. అగ్రిమెంటులోనే స్వాధీనం ఇచ్చాం అని రాయించుకుని సరుగుడు వేశాం. మామూలు స్టాంపు కాగితం. కోర్టులో పెట్టగానే అవతలి లాయరు లేచాడు. స్వాధీనంతో కూడిన అగ్రిమెంటుకి మన రాష్ట్రంలో అమ్మకపు దస్తావేజు లెక్కనే స్టాంపు డ్యూటీ, తక్కువ పడినదానికి పది రెట్లు పెనాల్టీ. అది కట్టే వరకు కాగితం చూడనే చూడరు. డబ్బు తెచ్చేసరికి తాతలు దిగొచ్చారు.

భోగాపురం_శీను
స్వాధీనం ఇవ్వలేదు. రిజిస్ట్రేషన్ రోజున ఇస్తామని ఉంది. రిజిస్టర్ కాని అగ్రిమెంటు కోర్టులో చెల్లుతుందా అన్నది నా టెన్షన్.

సివిల్_దావా
చెల్లుతుంది. నిర్దిష్ట అమలు దావాలో రిజిస్టర్ కాని అగ్రిమెంటుని సాక్ష్యంగా తీసుకోవచ్చని రిజిస్ట్రేషన్ చట్టం 49వ సెక్షన్‌లోనే ఉంది. చిక్కు వచ్చేది తోటపల్లి గారిలా స్వాధీనంలో ఉన్నవాళ్ళకి. స్వాధీనాన్ని ఆస్తి బదిలీ చట్టం 53ఎ కింద కాపాడుకోవాలంటే 2001 సెప్టెంబరు తర్వాత రాసుకున్న ఒప్పందం రిజిస్టర్ అయి ఉండాలి.

రిజిస్టర్ చేసి ఉంటే మీకు ఇంకో మేలు జరిగేది. ఈసీలో (ఆస్తి లావాదేవీలు చూపించే ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్‌లో) కనిపించేది. ఇప్పుడు ఆయన ఇంకొకరికి అమ్మేస్తే, నాకు మీ అగ్రిమెంటు సంగతి తెలియదు, మంచి నమ్మకంతో పూర్తి ధర ఇచ్చి కొన్నాను అని ఆ మూడోవాడు స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 19(బి) పట్టుకుంటాడు. అందుకే నోటీసుతో పాటు పేపర్లో ప్రకటన వేయండి. దావా వేసిన రోజే అమ్మకుండా ఇంజంక్షన్ అడగండి. దావా పడ్డాక ఎవరు కొన్నా కేసు ఫలితానికి కట్టుబడే కొన్నట్టు.

భోగాపురం_శీను
మా బాబాయి ఏమంటున్నారంటే, ముందు ఇంజంక్షన్ ఒక్కటే వేద్దాం, కోర్టు ఫీజు తక్కువ, అమ్మకుండా ఆగుతాడు, తర్వాత తీరిగ్గా పెద్ద దావా వేద్దాం అని.

సివిల్_దావా
వద్దు. ఇది మాత్రం గట్టిగా చెప్తున్నాను. ఒకే కారణం మీద అడగగలిగినవన్నీ ఒకే దావాలో అడగాలి. సివిల్ ప్రొసీజర్ కోడ్ 2వ ఆర్డర్ 2వ రూల్. మొదటి దావాలో ఇంజంక్షన్ మాత్రమే అడిగి, నిర్దిష్ట అమలు తర్వాత అడుగుతామని కోర్టు అనుమతి తీసుకోకపోతే రెండో దావా మూసుకుపోతుంది. 2012లో వర్గో ఇండస్ట్రీస్ కేసులో సరిగ్గా ఇదే జరిగింది.

ప్లీడరు_గుమస్తా
కోర్టు ఫీజు భయానికే అందరూ ఆ పని చేస్తారు. ఫీజు బయానా మీద కాదు, మొత్తం 45 లక్షల మీద లెక్క కట్టాలి, నిజమే. కానీ లోక్ అదాలత్‌లో రాజీ అయితే కట్టిన ఫీజు వెనక్కి వస్తుంది.

దావాలో అడగాల్సినవి నోట్ చేసుకో. రిజిస్ట్రేషన్, స్వాధీనం, అది కుదరకపోతే ప్రత్యామ్నాయంగా బయానా వడ్డీతో వాపసు, ఆ బయానాకి భూమి మీద చార్జి, అంటే ఆ డబ్బుకి భూమే పూచీ. వాపసు అడగకపోతే కోర్టు తనంతట తాను ఇవ్వదు, 22వ సెక్షన్. చాలామంది పౌరుషానికి పోయి డబ్బు సంగతి రాయించరు. తర్వాత సవరించుకోవచ్చు గానీ ఆ తిరుగుడు ఎందుకు?

నోటీసుకి జవాబుగా ఆయన అగ్రిమెంటు రద్దు చేశాను అని రాశాడనుకో, ఆ రద్దు చెల్లదని ప్రకటించమని కూడా దావాలో అడగాలి. 2013లో సికందర్ కేసు నుంచి ఈ అభ్యంతరం మామూలైపోయింది.

బొబ్బిలి_వీణ
చెల్లెలి సంతకం సంగతి ఎవరూ పట్టించుకోలేదు. ఆ భూమి ఆయన సొంతమా, తండ్రిదా?

భోగాపురం_శీను
తండ్రిది అక్కా. తండ్రి పోయారు. 1బి (రెవెన్యూ రికార్డు) లో ఈయన పేరే ఉంది. చెల్లెలు గజపతినగరంలో ఉంటారు. అగ్రిమెంటులో ఆవిడ సంతకం లేదు.

బొబ్బిలి_వీణ
అసలు చిక్కు ఇదే తమ్ముడూ. 1బి లో అన్న పేరు ఎక్కినంత మాత్రాన చెల్లెలి హక్కు పోదు. మన రాష్ట్రంలో 1986లోనే కూతుళ్ళకి పిత్రార్జితంలో వాటా ఇస్తూ సవరణ తెచ్చారు, దేశమంతటికీ 2005లో వచ్చింది. ఆవిడ సంతకం పెట్టని అగ్రిమెంటు ఆవిడ వాటాని కట్టిపడేయదు. మా ఇంట్లో మేం ముగ్గురం ఆడపిల్లలం, అన్నయ్య ఇలాగే మాకు చెప్పకుండా రాసిచ్చాడు. అవతలివాళ్ళు మా మీద పళ్ళు నూరారు గానీ మేం చేసిన తప్పేమీ లేదు.

ప్లీడరు_గుమస్తా
వీణమ్మ మంచి మాట అడిగింది. ఆవిడ ఒప్పుకోకపోతే అన్న వాటా వరకు డిక్రీ అడిగే దారి 12వ సెక్షన్‌లో ఉంది, తర్వాత వాటాలు విడదీయించుకోవాలి. దానికంటే ముందు మీ నాన్నగారు, ఆడవాళ్ళు ఎవరైనా కలిసి గజపతినగరం వెళ్ళి ఆవిడతో మర్యాదగా మాట్లాడండి. అన్న ఆవిడకి ఈ బయానాలో ఏమైనా ఇచ్చాడో లేదో కూడా తెలుస్తుంది.

పలాస_జీడిపప్పు
చేతికి ఇచ్చిన 2 లక్షలు దావాలో రాయొచ్చా? ఇన్‌కమ్ టాక్స్ వాళ్ళు వస్తారంటున్నారు.

సివిల్_దావా
2025 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు చెప్పింది, దావాలో 2 లక్షలు, అంతకు మించి నగదు ఇచ్చామని ఉంటే కోర్టు ఆ సంగతి ఆదాయపు పన్ను శాఖకి తెలియజేయాలని. బెంగళూరు భూమి కేసు, 75 లక్షల నగదు బయానా. దాచిపెట్టడం మాత్రం పొరపాటు, అగ్రిమెంటులో ఉన్నది ఉన్నట్టే రాయాలి. జరిమానా ప్రధానంగా నగదు తీసుకున్నవాళ్ళ మీద పడుతుంది. మీ నాన్నగారు ఆ 2 లక్షలు ఎక్కడివో చూపగలిగితే చాలు.

భోగాపురం_శీను
బంగారం అమ్మిన బిల్లు ఉంది.

వంశధార_రైతు
మా మామయ్య కేసు వేరే రకం. అప్పు తీసుకున్నాడు, అప్పు ఇచ్చినాయన హామీగా భూమికి అగ్రిమెంటు రాయించుకున్నాడు. అసలు, వడ్డీ కలిపి చాలా వరకు కట్టేశాక కూడా నిర్దిష్ట అమలుకి దావా వేశాడు. సంతకం ఉంది కాబట్టి ఇంక అంతేనా?

ప్లీడరు_గుమస్తా
అంతే కాదు. అది అమ్మకం కోసం రాసిన కాగితం కాదు, అప్పుకి హామీ మాత్రమే అని చూపించే సాక్ష్యం ఇవ్వొచ్చు. 1981లోనే సుప్రీంకోర్టు గంగాబాయి కేసులో ఒప్పుకుంది. వడ్డీ కట్టిన రసీదులు, ఫోన్‌పే చెల్లింపులు, ఎకరం ధర మార్కెట్ కంటే మరీ తక్కువ రాసి ఉండటం, గడువు అనవసరంగా పొడుగ్గా ఉండటం, ఇవన్నీ చూస్తారు. లిఖిత జవాబు వేయడంలో ఆలస్యం చేయొద్దని మామయ్యకి చెప్పండి. ఎక్స్‌పార్టీ అయితే, అంటే ఆయన లేకుండానే కేసు తేల్చేస్తే, ఇవేవీ చెప్పుకునే అవకాశమే ఉండదు.

భోగాపురం_శీను
నాన్న, పిన్ని నిన్న గజపతినగరం వెళ్ళి వచ్చారు. ఆవిడకి ఈ అగ్రిమెంటు సంగతే తెలియదట. అన్న ఒక్క రూపాయి ఇవ్వలేదు. నా వాటా డబ్బు నా ఖాతాలో పడితే రిజిస్ట్రేషన్‌కి వచ్చి సంతకం పెడతాను, 45 లక్షలకే, పాత మాట మీదే అన్నారు. పిన్ని చెయ్యి పట్టుకుని, మీ నాన్నగారి పేరు చెడిపోకూడదు అన్నారట. నోటీసులో ఆవిడని కూడా చేర్చాలా?

ప్లీడరు_గుమస్తా
చేర్చండి. ఆవిడ ఒప్పుకున్నది కాగితం మీద రాయించుకోండి, సాక్షులతో. దావా పడితే ఆవిడ కూడా ప్రతివాదిగా ఉండాలి, అనుకూలంగా జవాబు వేస్తారు. అన్నకి ఈ సంగతి నోటీసు ద్వారానే తెలియనివ్వండి. చెల్లెలు ఒప్పుకోవడం లేదు అనే సాకు పోయింది కాబట్టి చాలామంది అక్కడే దిగొస్తారు.

రాజాం_రమణ
ఇది చదివాక నా మాట వెనక్కి తీసుకుంటున్నాను శీనూ. 15 లక్షలకి ఒప్పుకోవద్దు.

భోగాపురం_శీను
సోమవారం లాయరు గారి దగ్గరికి వెళ్తున్నాం. ఎఫ్‌డీ కాగితాలు, లోను మెయిల్, బంగారం బిల్లు, నాన్న ఫోను అన్నీ పట్టుకెళ్తున్నాం. నోటీసు వెళ్ళాక ఏం జవాబు వస్తుందో ఇక్కడే రాస్తాను.

కొత్తవలస_కుమార్
మధ్యలో అడుగుతున్నందుకు ఏమీ అనుకోకండి. మేం డి-పట్టా (ప్రభుత్వం ఇచ్చిన అసైన్డ్) భూమికి అగ్రిమెంటు రాసుకుని 3 లక్షలు ఇచ్చాం. మాకూ ఈ దావా పనిచేస్తుందా?

ప్లీడరు_గుమస్తా
కుమార్, అసైన్డ్ భూమి బదిలీ మీద 1977 నుంచి నిషేధం ఉంది. చట్టం వద్దన్న అమ్మకాన్ని కోర్టు అమలు చేయించదు. మీది ఏ సంవత్సరం పట్టా, ఇచ్చింది ఎవరికి, 22ఎ (రిజిస్ట్రేషన్ నిషేధించిన భూముల) జాబితాలో ఉందో లేదో చూసి వేరే చర్చ మొదలుపెట్టండి. అక్కడ చెప్తాను. ఈలోగా ఇంక ఒక్క రూపాయి కూడా ఇవ్వకండి.